అత్తగారి ఊరికి టూరిస్టులు

అత్తగారింట్లో కోడలికి నచ్చనిదంటూ లేదు. వంటింటి కిటికీలోంచి పొద్దున్నే గట్టు మీద పడే ఎండ ముక్క నచ్చింది. ఒకే మగ్గులో తలొక పక్కకీ వాలి నిలబడే రెండు పళ్ళ బ్రష్షులు చూస్తే చాలు, కారణం లేకుండా నవ్వొచ్చేది. లిఫ్టులు బాగుచేసే మొగుడు సాయంత్రం గ్రీజు వాసనతో ఇంటికొచ్చి, సబ్బు సగం అరగదీసి చేతులు కడుక్కుని, ఆ తడి చేతుల్ని తన మెడకి ఆనిస్తే కెవ్వుమనడం కూడా నచ్చింది. విత్తనాల కంపెనీ ల్యాబులో ఉద్యోగం, పెళ్ళికి పెట్టిన సెలవు ఇంకా మిగిలే ఉంది. ఇంతకన్నా ఏం కావాలి?

కానీ ముందుగదిలో అడుగుపెట్టాలంటే మాత్రం ఆమెకి కాళ్ళు వెనక్కి లాగేవి. అక్కడ గోడవారగా ఒక బల్ల. బల్ల మీద పెద్ద కంప్యూటర్ తెర. ఆ తెరలో అత్తగారి ఊరు.

అత్తగారు నీటి సరఫరా శాఖలో ఓవర్సీరుగా చేసి రిటైరయ్యారు. ఏళ్ళ తరబడి గోతుల గట్టున నిలబడి కాంట్రాక్టర్ల మీద కేకలేసిన గొంతు ఆవిడది. ఆ గోతుల దగ్గరే ఎడమ కన్ను పోయింది. పైపు కోసం బండ పగలగొడుతుంటే పెచ్చు ఎగిరి తగిలింది. మిగిలిన ఒక్క కన్నుతోనే సర్వీసంతా లాక్కొచ్చారు. రిటైరయ్యాక ఏం తోచక ఊరు కట్టే కంప్యూటర్ ఆట మరిగారు. ఖాళీ నేల ఇస్తారు. రోడ్లూ పైపులూ వేసి, ఇళ్ళకీ దుకాణాలకీ చోటు చూపిస్తే బొమ్మ మనుషులు వచ్చి కాపురాలు పెడతారు. బాగా చూసుకుంటే ఉంటారు, లేకపోతే మూటాముల్లె సర్దుకుని పోతారు.

"నీకు అత్తారిల్లు ఒక్కటే కాదే పిల్లా, అత్తారి ఊరు కూడా ఉంది" అన్నాడు మొగుడు, పెళ్ళయిన కొత్తలోనే. "ఇంట్లో మా మేయరమ్మకి ఎదురు చెప్తే అన్నం పెడుతుంది. ఆ ఊళ్ళో ఎదురు చెప్తే మాత్రం నీళ్ళు కట్."

"ఏవండీ, నెమ్మదిగా. వింటారు."

"విననీ. నేను ఆ ఊరివాణ్ణి కాదుగా."

ఆ ఉన్న ఒక్క కంటికీ శుక్లం కమ్మింది. ఆపరేషనంటే అత్తగారు ఏదో ఒక సాకు చెప్పి వాయిదా వేస్తూ వచ్చారు. కొడుకు పట్టుబట్టి, ఆసుపత్రికి తీసుకెళ్ళి, చేయించాడు. మర్నాడు కట్టు విప్పగానే ఆవిడ మొదట అన్నమాట, "ఓరి! ఈ గోడ తెల్లగా ఉంటుందా?" కోడలికి ఆ మాట ఎంత ముద్దొచ్చిందో! చిన్నపిల్లలా ఆవిడ తన గాజులు తాను చూసుకోవడం చూసి, పోనీ ఇకనుంచి ఈవిడంటే భయపడక్కర్లేదేమో అనుకుంది.

డాక్టరు చుక్కల మందు రాసిచ్చి, నల్లద్దాలు పెట్టి, వారం తర్వాత రమ్మన్నాడు. అప్పటిదాకా టీవీ, కంప్యూటర్ చూడొద్దన్నాడు. నొప్పి గానీ ఎరుపు గానీ కనిపిస్తే మాత్రం ఆ నిమిషమే రావాలన్నాడు.

గొడవంతా ఆ వారం దగ్గరే వచ్చింది. ఆటలో ఏదో పోటీ నడుస్తోంది. ఎవరి ఊరికి టూరిస్టులు ఎక్కువమంది వస్తే ఆ ఊరి బొమ్మ ఆట ఆడేవాళ్ళందరి తెరల మీదా కనిపిస్తుందట. సరిగ్గా ఆ వారాంతానికే గడువు.

"మా ఆవిడ ఆడుతుందిలే అమ్మా" అన్నాడు కొడుకు, బూట్లు వేసుకుంటూ.

"ఇదేమన్నా గోడకి సున్నం కొట్టడమా, ఎవరో ఒకరు చేసెయ్యడానికి?"

"పీజీ చేసింది."

"పీజీలో డ్రైనేజీ చెప్తారా?"

కోడలు వంటింటి గుమ్మంలో నిలబడి అంతా వింది. మొగుడు వెళ్ళిపోయాడు. అత్తగారు పేము కుర్చీని ఈడ్చుకొచ్చి, తెరకి వీపు పెట్టి, కిటికీ వైపు తిప్పి వేసుకున్నారు. నల్లద్దాలు సర్దుకున్నారు.

"కూర్చో అమ్మాయ్. వారం రోజులూ నా చెయ్యీ నువ్వే, నా కన్నూ నువ్వే. నేను చెప్పింది చెయ్యి. నువ్వు చూసింది చెప్పు. మధ్యలో సొంత తెలివి వద్దు."

"అలాగే అత్తయ్యా."

"వణుకుతున్నావా?"

"లేదత్తయ్యా" అంది వణుకుతూ.

మొదటి రోజు నిజానికి హాయిగానే గడిచింది. తెరలో ఊరు ఎంత ముద్దుగా ఉందని! సముద్రం ఒడ్డున వంపు తిరిగిన రోడ్డు, రోడ్డు పక్కన ఇసుక, ఇసుకలో అగ్గిపుల్లంత మనుషులు. దగ్గరికి జరిపి చూస్తే ఒక బొమ్మ పిల్ల ఐస్‌క్రీమ్ బండి ముందు నిలబడి ఉంది. బొమ్మ కుక్క తోక కూడా ఊపుతోంది. రోడ్లు సాఫీగా సాగితే పచ్చరంగు, బళ్ళు నిలిచిపోతే ఎర్రరంగు చూపించే మీట ఒకటి ఉంది. నొక్కితే ఊరంతా పచ్చగా వెలిగింది.

"టూరిస్టు దేనికొస్తాడు?" అని కిటికీకేసి చూస్తూనే అడిగారు అత్తగారు.

"చూడ్డానికండీ. కోట, బీచి, లైట్‌హౌసు..."

"అందరూ అదే అనుకుని మూల మూలకీ ఓ బొమ్మ నిలబెడతారు. టూరిస్టు ముందు రేవులో దిగాలి. దిగినవాడు బస్సెక్కాలి. ఎక్కిన బస్సు కదలాలి. హోటలు ముందు చెత్త కంపు కొట్టకూడదు. కొళాయి తిప్పితే నీళ్ళు రావాలి. అప్పుడు వాడికి కోట అందంగా కనిపిస్తుంది. ఊళ్ళో వాళ్ళకి సుఖం లేని ఊరికి పైఊరివాడు ఒకసారొస్తాడు, మళ్ళీ రాడు."

ఎంత బాగా చెప్పారు అనుకుంది కోడలు. రేవు ముఖద్వారంలో అత్తగారు వేసిన గుండ్రటి సర్కిల్ ఉంది. ఓడ దిగినవాళ్ళని ఎక్కించుకున్న బస్సులు, లారీలు, చెత్తబళ్ళు అన్నీ ఆ సర్కిల్ చుట్టూ తిరిగి దేని దారిన అది పోతాయి. దాని పక్కనే పాడుబడ్డ గోదాం. "అది కూల్చెయ్, అక్కడ పూలతోట పెడదాం" అన్నారు అత్తగారు.

కోడలు కూల్చే గుర్తు నొక్కింది. గోదాం మీద నొక్కింది. సరిగ్గా అప్పుడే వంటింట్లో కుక్కరు కూత పెట్టింది. ఉలిక్కిపడి చెయ్యి జరిగింది. గోదాంతో పాటు సర్కిల్ సగం గాల్లో కలిసిపోయింది.

పై ప్రాణాలు పైనే పోయాయి. సర్కిల్ మళ్ళీ వెయ్యబోతే, తెగిన రోడ్లు అడ్డున్నాయని ఎర్ర అక్షరాలు వచ్చాయి. ఆటని వెనక్కి జరుపుదామా అంటే, ఆ ఆశ కూడా లేదు. ఊరి పాత కాపీలు దాచిపెట్టుకోవడం అత్తగారి దృష్టిలో మోసం. గొయ్యి తప్పుచోట తవ్వితే నిన్నటికి వెళ్ళి పూడ్చొస్తామా అంటారు. అందుకే ఉన్నది ఒక్కటే కాపీ. ఆట దానంతటదే నిమిషానికోసారి ఆ కాపీ మీదే దాచేస్తుంది. ఇక చేతికి తోచిందల్లా చేసింది కోడలు. తెగిన రోడ్లన్నీ లాక్కొచ్చి ఒక నాలుగురోడ్ల కూడలిగా కలిపేసింది. పక్కన పూలతోట పెట్టింది.

"ఏమిటి, చడీచప్పుడూ లేదు?" అన్నారు అత్తగారు. ఆటలో మోగే హారన్లు, పాటలు పడక ఆవిడ స్పీకర్లు ఎప్పుడో పీకి అటక మీద పడేశారు. కాబట్టి ఊళ్ళో ఏం జరిగినా కిటికీ వైపున్న మనిషికి వినపడదు.

"ఏం లేదత్తయ్యా. తోట పెట్టాను."

"ఎలా ఉంది?"

కోడలు కూడలి వంక చూసింది. ఈ ఇంటికొచ్చి నిండా నెల కాలేదు. తన మొదటి మాటే 'మీ సర్కిల్ పాడుచేశాను' అవ్వాలా?

"బాగుంది అత్తయ్యా" అంది.

ఆ ఒక్క మాటతో ఊరు మునగడం మొదలైంది.

కూడలిలో బస్సులు ఆగాయి. వాటి వెనక లారీలు, లారీల వెనక చెత్తబళ్ళు, మధ్యలో ఎక్కడో ఒక అంబులెన్సు. మర్నాటికి రేవు రోడ్డు నారింజ రంగుకి తిరిగింది. అత్తగారు అడిగితే పచ్చగా ఉందంది. "అయితే ఇంకేం, రెండో రేవు తెరువు" అన్నారు ఆవిడ హుషారుగా. తెరిచింది. రెట్టింపు బస్సులు వచ్చి అదే కూడలిలో ఇరుక్కున్నాయి. నారింజ ఎర్రబడింది. చెత్తబళ్ళు కదలక హోటళ్ళ మీద ఈగల గుర్తులు మొలిచాయి. టూరిస్టులు వచ్చిన ఓడల్లోనే తిరిగెళ్ళిపోతున్నారు.

"ఎంతమంది?"

"నిన్నటికన్నా పెరిగారు అత్తయ్యా."

"శభాష్. కోట పక్కన పెద్ద హోటలు కట్టు."

కట్టింది. నీలం అద్దాలతో మెరిసిపోతోందని చెప్పింది గానీ, అందులో దిగేవాళ్ళు లేక అది బోసిపోయింది. అత్తగారు ఒక్కో మంచి మాటా అంటుంటే కోడలికి కత్తి దిగినట్టుండేది. రాత్రి మొగుడు పక్కన పడుకుని కూడా కళ్ళ ముందు ఎర్ర రోడ్లే. "ఏమిటే, నిద్రలో 'పచ్చగా ఉంది, పచ్చగా ఉంది' అంటున్నావ్?" అని అతను ఆటపట్టిస్తే దుప్పటి ముఖం మీదికి లాక్కుంది. చెప్పేద్దామా అనుకుంది. చెప్తే అతను నవ్వుతాడు. నవ్వి, వెళ్ళి తల్లికి చెప్తాడు. తల్లికీ కొడుక్కీ మధ్య దాపరికాల్లేవు, తనే కొత్త.

పోటీ పోతే పోయింది. అసలు భయం వేరు. అద్దాలు తీసి ఆవిడ ఈ తెరకేసి తిరిగే రోజొకటి ఉంది. ఆ రోజు ఆవిడకి కనిపించేది పాడైన ఊరొక్కటే కాదు. రోజూ పక్కన కూర్చుని, ముఖం మీద నవ్వు పులుముకుని, వరసగా అబద్ధాలాడిన కోడలు కనిపిస్తుంది. ఇక ఆ తర్వాత తను ఈ ఇంట్లో ఏం చెప్పినా ఎవరు నమ్ముతారు?

ఇంత భయంలో పడి ఇంకేవీ ఆమె మనసుకి ఎక్కలేదు. అత్తగారు కాఫీ గ్లాసు కోసం చెయ్యి చాపితే అది గ్లాసు పక్కనుంచి పోయింది. ఆవిడ పేపరు అడగడం మానేశారు. చుక్కల మందు గదిలోకి వెళ్ళి, తలుపేసుకుని, తనే వేసుకుంటున్నారు. "నా కంటిని నేను చూసుకోగలను, నాయనా" అని కొడుకుని గుమ్మంలోనే ఆపేశారు. కిటికీ కర్టెను కూడా వెయ్యమన్నారు. వెలుతురు గుచ్చుకుంటోందట. కోడలు వేసింది. గది చీకటిగా ఉంటే తన ముఖం కనపడదులే అని లోలోపల సంతోషించింది కూడా.

పోటీ ఆఖరి రోజు పొద్దున్న కొడుకు టిఫిన్ తింటూ, "అమ్మా, వారం అయిపోవచ్చిందిగా. ఇవాళ కాసేపు చూసుకో నీ ఊరిని. ఐదు నిమిషాలకి ఏం కాదులే" అన్నాడు.

కోడలి చేతిలోంచి గరిటె జారింది.

"సాయంత్రం చూద్దాంలే" అన్నారు అత్తగారు.

"నువ్వేనా అనేది? ఆపరేషన్ బల్ల మీద పడుకుని కూడా రేవు గురించి మాట్లాడావ్! చూడు, చూసి కోడలికి మార్కులెయ్యి." టూల్‌బ్యాగు భుజానేసుకుని, అమ్మకి కనపడకుండా పెళ్ళాం జడ ఒకసారి లాగి వెళ్ళిపోయాడు. ఏదో పెద్ద ఆఫీసు భవనంలో లిఫ్టు మధ్యలో నిలిచిపోయిందట.

ఇల్లు నిశ్శబ్దమైపోయింది. కోడలు కడిగిన గిన్నెలే మళ్ళీ కడిగింది. ఒరిగిన బ్రష్షుల్ని సరిచేసింది. ముందుగదిలో పేము కుర్చీ కాళ్ళు నేల మీద కీచుమన్నాయి.

"రా అమ్మాయ్. ఎప్పటికైనా చూడాలిగా" అన్నారు అత్తగారు.

కుర్చీ తెర వైపు తిరిగింది. కోడలు దాని వెనక నిలబడింది. తెరలో ఊరంతా ఒకటే ఎరుపు. రేవు నుంచి కోట దాకా తెగిన నరంలా రోడ్డు. హోటళ్ళు నల్లబడి ఉన్నాయి. పెద్ద హోటలైతే నిన్న సాయంత్రమే మూతపడి, కూలిపోయి, అక్కడ ఉత్త మట్టి కుప్ప ఉంది. ఇసుకలో ఒక్క మనిషి లేడు.

అత్తగారు ముందుకి వంగారు. చాలాసేపు చూశారు. కోడలు దెబ్బ కోసం కాచుకున్నట్టు భుజాలు దగ్గరికి లాక్కుంది.

"బాగుంది" అన్నారు అత్తగారు.

అమ్మయ్య! అనుకుంది. అనుకున్నది అనుకున్నట్టే ఆ ఊపిరి సగంలో ఆగింది. బాగుందా? వెటకారమా? ఆవిడ వెటకారం ఎలా ఉంటుందో పాలవాడికి తెలుసు, ఎదురింటి వాళ్ళకి తెలుసు. ఇది అలా లేదు. ఇందులో ఏదో తడబాటు ఉంది.

"రోడ్డు కూడా పచ్చగా... బాగా పెట్టావ్" అన్నారు మళ్ళీ.

"ఆ పెద్ద హోటలు, అత్తయ్యా" అంది కోడలు. తన గొంతు తనకే వింతగా వినిపించింది. "కోట పక్కన. ఎత్తు ఎక్కువైందా?"

"లేదు లేదు. సరిపోయింది. నీలం అద్దాలు బాగున్నాయి."

ఇన్నాళ్ళూ తను పడ్డది అసలు భయమే కాదనిపించింది కోడలికి. ఒక్కొక్కటే ముందుకొచ్చి నిలబడ్డాయి. పక్కనుంచి పోయిన చెయ్యి, మానేసిన పేపరు, వేసుకున్న తలుపు, లాగిన కర్టెను. ఈవిడకి తెర కనపడటం లేదు. ఇన్నాళ్ళూ తను చెప్పిన ఊరినే మళ్ళీ తనకి అప్పజెప్తున్నారు.

ఉన్నది ఒక్క కన్ను.

మొగుడికి ఫోన్ చేసింది. లిఫ్టు గుంతలోకి దిగితే అతని ఫోను పలకదు. పలకలేదు. ఏమీ ఎరగనట్టు ఊరుకుంటే సాయంత్రానికి అతనొస్తాడు. లేదా వారం నిండాక ఎలాగూ ఆసుపత్రికి వెళ్తారు, అప్పుడు డాక్టరే కనిపెడతాడు. తన అబద్ధం బయటపడదు. పైగా ఇవాళ 'మీకు కనపడటం లేదు' అంటే ఆవిడ ఒప్పుకుంటారా? నిక్షేపంలా కనిపిస్తోంది, పో అంటారు. కనపడటం లేదని రుజువు చెయ్యడానికి ఒక్కటే దారి ఉంది. తను ఆడిన అబద్ధాలు ఒప్పుకోవడం.

కుర్చీ ముందుకొచ్చి నేల మీద కూర్చుంది.

"అత్తయ్యా, రోడ్డు పచ్చగా లేదు."

"ఏం?"

"ఎర్రగా ఉంది. మొదటి రోజు నుంచీ అంతే. మీ సర్కిల్ నేను కూల్చేశాను. చెయ్యి జారింది. భయమేసి చెప్పలేదు. అప్పట్నుంచి బళ్ళన్నీ ఆగిపోయాయి. టూరిస్టులు రావటం లేదు. నీలం అద్దాల హోటలు లేదత్తయ్యా, నిన్ననే కూలిపోయింది. అక్కడ మట్టి కుప్ప ఉంది. మీకు కనిపించి ఉంటే బాగుంది అనేవారు కాదు. నన్ను చీల్చి చెండాడేవారు."

"అంటే, వారం నుంచీ నాకు అబద్ధాలు చెప్తున్నావా?" అత్తగారి గొంతు గోతుల గట్టు మీది గొంతే.

"చెప్తున్నాను." కోడలు తలెత్తి చూసింది. "మీరూ చెప్తున్నారు. అద్దాలు తియ్యండి అత్తయ్యా."

"నాకు చెప్పేదానివా నువ్వు!"

"తియ్యండి."

ఆవిడ తియ్యలేదు. చెయ్యి మాత్రం కుర్చీ చేతి మీద అటూ ఇటూ తడుముకుంది. కోడలు లేచి తనే తీసింది. రెప్ప ఉబ్బి ఉంది. తెల్లగుడ్డు కుంకుమ చల్లినట్టు ఎర్రగా. నల్లగుడ్డు మీద మంచు పొరలాంటిదేదో.

"నొప్పి ఎప్పట్నుంచి?"

చిన్న గొంతుతో జవాబొచ్చింది. ఆ గొంతు కోడలు ఎప్పుడూ వినలేదు. "మొన్న పొద్దుట్నుంచి. మొదట మసకన్నట్టుంది. సర్దుకుంటుందిలే అనుకున్నాను. నోరు తెరిచి చెప్తే అదే నిజమైపోతుందేమోనని... వాడు బలవంతం చేసి చేయించాడు కదా అమ్మాయ్. వాడికెలా చెప్పను?"

ఆవిడ చెప్పులు తొడిగిందెవరో, తలుపు తాళం వేసిందో లేదో కోడలికి తర్వాత గుర్తు లేదు. వీధి మలుపులో ఆటో దొరికింది. మార్కెట్ దగ్గర బళ్ళు ఆగిపోయాయి. వెనక హారన్లు, ముందు హారన్లు. ఎండ నడినెత్తి మీద. అత్తగారు కోడలి మోచెయ్యి పట్టుకున్నారు. గోళ్ళు దిగుతున్నాయి.

"ఎందుకాగాం?"

"కూడలిలో నీళ్ళ లారీ అడ్డంగా ఉందత్తయ్యా. వెనక్కి పోవటానికీ లేదు."

"నిజం చెప్తున్నావా?"

"నిజమే. మన ముందు రెండు బస్సులున్నాయి. ఒక స్కూలు వ్యాన్. వ్యాన్ డ్రైవర్ దిగి చేతులూపుతున్నాడు."

"వాడెందుకు ఊపడం? లారీ వాణ్ణి ఎడమకి కొట్టమను!"

ఆటో డ్రైవర్ వెనక్కి తిరిగి, "పెద్దమ్మ ట్రాఫిక్ పోలీసా?" అన్నాడు.

"మేయరు" అంది కోడలు. నవ్వబోతే ఏడుపొచ్చింది.

ఆ లారీ కదిలేదాకా ఆమె ప్రాణం గుప్పిట్లోనే ఉంది. ఆటలో ఆ కూడలిలో నిలిచిపోయిన అంబులెన్సు గుర్తొచ్చింది. దాని లోపల ఎవరున్నారని తను ఒక్కసారి కూడా దగ్గరికి జరిపి చూడలేదు.

కంటి ఆసుపత్రిలో బెంచీ మీద కూర్చున్నాక అత్తగారు నెమ్మదిగా అడిగారు, "గోదాం కూల్చేటప్పుడే పోయిందా సర్కిల్?"

"అవునత్తయ్యా."

"అక్కడ ఒక రోడ్డు మూసేసి, చెత్తబళ్ళకి వెనక నుంచి దారిచ్చి ఉంటే సరిపోయేది. మూడు నిమిషాల పని. నాకు చెప్పి ఉంటే..." ఆగారు. "నిన్న ముప్పై వేలమంది టూరిస్టులన్నావు కదే. వాళ్ళంతా ఎక్కడున్నారు మరి?"

"నా నోట్లో అత్తయ్యా."

ఆవిడ ముక్కుతో ఒక చప్పుడు చేశారు. కోపమో నవ్వో తెలియలేదు. చెయ్యి మాత్రం వదల్లేదు.

లోపలికి పిలిచారు. డాక్టరు కుర్రవాడు. కంట్లోకి లైటు వేసి చూశాడు. ముఖం ముందు చెయ్యి ఊపాడు. "ఎన్ని వేళ్ళమ్మా?"

"చెయ్యి ఊగుతున్నట్టు తెలుస్తోంది."

"నొప్పి ఎప్పట్నుంచి?"

"ఇవాళ పొద్దుట్నుంచే బాబూ" అన్నారు అత్తగారు టక్కున.

"కాదు డాక్టర్" అంది కోడలు. "మొన్నటి నుంచి. వెలుతురు కూడా పడటం లేదు. పేపరు చదవటం లేదు."

అత్తగారు అటు తిరిగారు. కోడలు చూపు దించలేదు.

కంటి లోపల ఇన్ఫెక్షన్ అన్నాడు డాక్టరు. ఇప్పటికిప్పుడు కంట్లోకే ఇంజెక్షన్ ఇవ్వాలి. ఇంకో ఆపరేషన్ కూడా కావాలేమో రేపు చూసి చెప్తాడు. చూపు ఎంతవరకు తిరిగొస్తుందో మాట ఇవ్వలేనన్నాడు. ఇంకా ఆలస్యం కానందుకు మాత్రం సంతోషించమన్నాడు. సంతోషం ఏదీ ఆ గదిలో కనపడలేదు. ఆటోలోంచి పెట్టిన మెసేజ్ చూసుకుని మొగుడు ఫోన్ చేశాడు. "దారిలో ఉన్నాను, అమ్మకి ఎలా ఉంది, నిజం చెప్పు" అన్నాడు. అతని గొంతు ఇంతలా పగిలిపోవడం ఆమె ఎప్పుడూ వినలేదు. ఉన్నదున్నట్టు చెప్పింది. చెప్తూంటే ప్రతి మాటా బరువుగా ఉంది. అయినా ఒక్కటీ వదల్లేదు.

నర్సు వచ్చి అత్తగారిని బల్ల మీద పడుకోబెట్టింది. "మీరు బయట కూర్చోండి" అంది కోడలితో.

"ఆ అమ్మాయి ఉంటుంది" అన్నారు అత్తగారు. "నాకు కళ్ళు లేవు. ఏం జరుగుతోందో చెప్పే మనిషి కావాలి."

డాక్టరు ఇద్దరినీ మార్చి మార్చి చూసి, టోపీ, మాస్కు ఇవ్వమన్నాడు. చుక్కలు వేశారు, కన్ను మొద్దుబారాలన్నారు. కోడలు తలవైపు నిలబడింది. ల్యాబులో విత్తనాల మొలకలు లెక్కపెట్టడమే తప్ప ఆమె చీమనైనా నలపలేదు. సూదంటే చిన్నప్పుడు మంచం కింద దాక్కునేది.

"ఏం చేస్తున్నాడు?"

"చేతులకి గ్లవ్స్ వేసుకుంటున్నారు అత్తయ్యా."

"ఇప్పుడు?"

"రెప్ప కదలకుండా క్లిప్పు పెడుతున్నారు. చల్లగా తగులుతుంది."

"తగిలింది. ముఖం ఎలా ఉంది ఆయనది?"

కోడలు చూసింది. బాగుంది అనే మాట నాలుక చివర ఉంది, అలవాటుగా.

"నుదురు ముడేసుకుని ఉన్నారు" అంది. "కానీ చెయ్యి వణకటం లేదు. సూది తీశారు. సన్నగానే ఉంది. నాకు చాలా భయంగా ఉంది అత్తయ్యా."

"నాకూను" అన్నారు అత్తగారు. వేళ్ళు గాల్లో వెతికాయి. కోడలు అందుకుంది. "ఆపకు. చెప్తూ ఉండు."

ఆమె చెప్తూ ఉంది.